ఇంటి పటములు – కదలు రేఖలు
(రజతోత్సవ సభయందు చదువబడిన ఉపన్యాస పాఠము)



ఒక గ్రామ గ్రంథాలయము ఇరువదియైదు సంవత్సరములు తలుపులు మూయక నిలిచియుండుట సామాన్య విషయము గాదు. తెలంగాణమున 1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయము, 1904లో హనుమకొండయందు రాజరాజనరేంద్ర ఆంధ్రభాషా నిలయము వెలసిన నాటినుండి గ్రంథాలయము ప్రజల యింటి యరుగువంటిదై యున్నది. అచ్చు పుస్తకములు అచట చేరినవి, పత్రికలు చేరినవి. కాని ఊరి జ్ఞాపకమంతయు అచ్చులో లేదు. ప్రతి యింటి గోడమీదను, ప్రతి పెట్టె యడుగునను మరియొక గ్రంథము కలదు. దానికి అక్షరములు లేవు. అవి ఆ యింటి ఫోటోపటములు.

ఆ పటములను చిన్నవారు, విద్యార్థులు, కళాకారులు రేఖలుగను, రంగులుగను మార్చి, వానిని తెరపై కదలించు విద్య యొకటి నేడు అందరకు అందుబాటులోనికి వచ్చినది. ముఖము ముఖముగా నుండక ఒక వలయమగును. చీర అంచు ఒక అలయగును. నిలుచున్న నలుగురన్నదమ్ములు నాలుగు నిట్రాళ్లవంటి గీతలై ఊగుదురు. దీనినే నైరూప్య చలనచిత్ర కళ యందురు. ఇది పట్నపువారి వినోదమా, పూర్వులకు అపచారమా, లేక ఊరికి పనికివచ్చు విద్యయా అను ప్రశ్నయే నేటి ప్రసంగ విషయము.

మొదట పటముల సంగతి. నిజాము రాష్ట్రమున ఛాయాగ్రహణ కళకు విశేష ప్రసిద్ధి తెచ్చినవాడు రాజా దీనదయాళు (1844–1905). మీరటు సమీపమందలి సర్ధనాలో జన్మించి, ఇండోరు సంస్థానమున ఉద్యోగము చేసి, పిదప ఆరవ నిజాము మహబూబలీఖాను ఆస్థాన ఛాయాచిత్రకారుడయ్యెను. 1892లో ఆయన హైదరాబాదున ఘోషా స్త్రీల కొరకే ప్రత్యేకముగా ఒక స్టూడియో తెరపించి, దానిని ఒక ఆంగ్ల వనిత చేతికప్పగించెను. పరపురుషుని కంటబడని తల్లుల రూపములు కూడ ఆ విధముగా గాజుపలకలపై నిలిచినవి. కాని అది సంపన్నుల మాట. సామాన్య కుటుంబములకు పటమనునది చాల కాలము దుర్లభ వస్తువే.

ఆదిలాబాదు సీమలో మరియొక విధమైన పటములు కలవు. 1940లో జోడేఘాటున కుమ్రం భీము నేలకొరిగిన తరువాత, గోండుల స్థితిగతులను పరిశీలించుటకు నిజాము ప్రభుత్వము క్రిస్టాఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్ అను మానవశాస్త్రజ్ఞుని నియోగించెను. ఆస్ట్రియా దేశమున పుట్టిన ఆ పండితుడు తన భార్య బెట్టీ ఎలిజబెత్తుతో మార్లవాయి గూడెమున నివసించి, గోండుల జీవనమును వ్రాసెను. వారి పటములను తీసెను. 1948లో ఆదిలాబాదు రాజగోండులను గూర్చిన ఆయన గ్రంథము వెలువడినది. బెట్టీ ఎలిజబెత్తు 1987లో మరణింపగా ఆమె సమాధి మార్లవాయిలోనే ఏర్పడినది. ఆ దంపతులు తీసిన పటములు నేడు లండను విశ్వవిద్యాలయమునకు చెందిన ప్రాచ్య, ఆఫ్రికా విద్యాలయమున భద్రపరుపబడియున్నవి. అవి శాస్త్రజ్ఞునకు శాస్త్రసామగ్రి. మార్లవాయి వంటి గూడెముల వారికి మాత్రము తాతముత్తాతల రూపములు. ఒకే పటము ఒకరికి విజ్ఞానమును, మరియొకరికి రక్తసంబంధమును అగుచున్నది.

ఇక బెల్లంపల్లి. కాజీపేట–బల్హార్షా రైలుమార్గము 1929లో పూర్తియై మద్రాసు, ఢిల్లీ నగరములను కలిపినది. ఆ మార్గముమీదనే ఈ బొగ్గుసీమ ఎదిగినది. నానా గ్రామములనుండి జనులు బొగ్గుబాయి పనికై వచ్చి ఇచట స్థిరపడిరి. వారి యిండ్లలోని పటములను పరికించినచో ఒక విచిత్రము గోచరించును. పటమునందలి మనిషి ఉతికిన చొక్కా తొడిగియుండును. తల దువ్వుకొని యుండును. వెనుక స్టూడియోవాని తెరమీద పూలతోటయో, మేడమెట్లో చిత్రింపబడియుండును. ఆయన జీవితములో సగము గడచిన చోటు మాత్రము ఆ పటమున లేదు. తట్ట లేదు, చెమ్మాసు లేదు, టబ్బు లేదు, తలపై దీపము లేదు. అందుకు కారణము స్పష్టమే. గనిలో మండెడి వాయువు ఉండును. నిప్పు పుట్టించు వస్తువేదియు లోనికి కొనిపోరాదు. అగ్గిపెట్టె పోరాని చోటికి స్టూడియోవాని కెమెరా ఎట్లు పోగలదు? కావున కార్మికుని పటము ఆయన సెలవుదినపు పటమే; పనిదినపు పటము గాదు. మొదటి షిఫ్టుకు సైరను కూయగనే లేచి చీకటిలోనికి దిగినవాని రూపమును ఇంటి గోడ ఎరుగదు.

ఇప్పుడు ఆ గనులలో పెక్కు మూతపడినవి. దిగినవారిలో పెక్కురు వెడలిపోయిరి. వారి మనుమలు గోడమీద దండ వేసిన పటమును చూచుచున్నారు. అందు తాత కోటు కనబడును గాని తాత బ్రతుకు కనబడదు. ఆ లోపమును పూరింపగల సాధనమేది అనునదే అసలు ప్రశ్న. నైరూప్య చలనచిత్రము అట్టి సాధనములలో ఒకటి కాగలదని నిరూపించుటకు ఒక ఫ్రెంచి శాస్త్రజ్ఞుని చరిత్ర తోడ్పడును.

ఎతియన్ జూల్ మారే (1830–1904) శరీరధర్మ శాస్త్రజ్ఞుడు. మనిషి నడకయందు ఏ యవయవము ఎప్పుడెట్లు కదలునో తెలిసికొనుట ఆయన కోరిక. 1878లో అమెరికాయందు మైబ్రిడ్జి అను ఛాయాచిత్రకారుడు వరుసగా కెమెరాలు నిలిపి పరుగిడు గుఱ్ఱమును క్షణక్షణమునకు పటము తీసియుండెను. మారే 1882లో తుపాకివంటి కెమెరా నిర్మించి సెకనుకు 12 పటములు తీసెను. కాని ఒకే పలకమీద అనేక క్షణములను ముద్రించునప్పుడు మనిషి రూపములు ఒకదానిపై నొకటి పడి కలగాపులగమయ్యెను. అప్పుడాయన ఒక ఉపాయము పన్నెను. మనిషికి నిలువెల్ల నల్లని బట్టలు తొడిగించి, ముఖము కూడ కప్పించి, చేతుల వెంబడి, కాళ్ల వెంబడి తెల్లని పట్టీలు, కీళ్లవద్ద మెఱయు చుక్కలు కుట్టించి, నల్లని గోడ ముందు నడిపించెను. పలకమీద మనిషి మాయమయ్యెను. నడక మాత్రము తెల్లని గీతల వరుసగా నిలిచెను. పటమునుండి నైరూప్య రేఖ పుట్టిన తొలి సందర్భములలో నిది యొకటి.

నల్లని బట్టలు, నల్లని గోడ, మెఱయు చుక్క! బొగ్గుబాయి నెఱిగినవారికి ఇది క్రొత్త దృశ్యమా? లోపల ఎదుటివాని ముఖము కనబడదు. టోపీమీది దీపము కదలుటయే కనబడును. దీపము వంగినచో మనిషి వంగినాడనియు, దీపము ఆగినచో మనిషి ఆగినాడనియు తోటివారు గ్రహింతురు. ఆ చీకటిలో ప్రతి కార్మికుడును ఒక కదలు చుక్కయే. కావున నల్లని తెరపై ఒక వెలుగుచుక్క కదలి, తాత పటమునందలి భుజముల రేఖగా మారి, మరల చుక్కయైనచో, అది కల్పన గాదు. ఏ కెమెరాయు తీయలేకపోయిన సత్యము.

మారే చేసినది శాస్త్రము. దానిని కళగా మార్చినవారు తరువాత వచ్చిరి. న్యూయార్కునందు మాక్స్ ఫ్లైషర్ 1915లో ఒక యంత్రమునకు పేటెంటు కోరి 1917లో పొందెను. చలనచిత్రమునందలి ఒక్కొక్క పటమును గాజుమీదికి ప్రసరింపజేసి, దానిపై కాగితముంచి, రూపమును గీతలతో ఎత్తి వ్రాయుట ఆ యంత్రపు పని. దాని నాతడు ఎవరిమీద ప్రయోగించెను? స్వంత తమ్ముడు డేవుమీద. డేవు విదూషకుని వేషము ధరించి గంతులిడగా, అన్న ఆ గంతులను గీతలుగా మార్చెను. కోకో అను ప్రసిద్ధమైన బొమ్మ యట్లు పుట్టినది. ఇంటివాని పటము కదలు బొమ్మయైనదనుటకు ఇంతకన్న సాక్ష్యమేల?

స్కాట్లండున జన్మించి కెనడా జాతీయ చలనచిత్ర సంస్థలో పనిచేసిన నార్మన్ మెక్‌లారెన్ (1914–1987) కొన్ని చిత్రములకు కెమెరా కూడ వాడలేదు. 1949లో ఈవ్లిన్ లాంబార్టుతో కలిసి తీసిన చిత్రములో ఫిల్ముమీదనే రంగులు పూసి, గీకి, సంగీతమునకు అనుగుణముగా రేఖలను ఆడించెను. 1968లో ఇద్దరు నర్తకులను నల్లని నేపథ్యమున నిలిపి, ఒకే కదలికను పలుమార్లు ముద్రించి, దేహములను తెల్లని రేఖల విసనకఱ్ఱలుగా మార్చెను. మారే గీతలకు అది మనుమరాలు వంటిది.

భారతదేశమునందును ఈ కృషి జరిగినది. బొంబాయి చిత్రకారుడు అక్బర్ పదమ్‌సీ నెహ్రూ ఫెలోషిప్పు సాయముతో 1970లో గీతలు, బిందువులు తప్ప మరేమియు లేని చలనచిత్రమును నిర్మించెను. దాని నిడివి సుమారు 11 నిమిషములు. దానికై దాదాపు వేయి చిత్రములు గీయబడినవి. అందు కథ లేదు, మాట లేదు. మరియొక వంక వివాన్ సుందరం అను కళాకారుడు తన మాతామహుడు ఉమ్రావ్ సింగ్ షేర్‌గిల్ తీసిన ఇంటి పటములను 2001, 2002 సంవత్సరములలో కంప్యూటరు సహాయమున ఒకదానితో నొకటి జతపరచెను. వేర్వేరు ఏండ్ల పటములలోని తాతయు, ప్రసిద్ధ చిత్రకారిణియైన పెదతల్లి అమృతయు ఒకే గదిలో చేరిరి. ఒకడు గీతను కదలించెను. ఒకడు ఇంటి పటమును మార్చెను. ఈ రెండు మార్గములు కలిసిన చోటనే నేటి ప్రసంగ విషయము నిలిచియున్నది.

నైరూప్యమనగానే విదేశపు సరకని భయపడవలసిన పని లేదు. ఈ నేలమీదనే పుట్టి నైరూప్య కళను సాధించినవాడు పాకాల తిరుమలరెడ్డి (1915–1996). కరీంనగరు జిల్లా అన్నారము గ్రామమున పుట్టి, బొంబాయి జె.జె. కళాశాలలో చదివి, మనుష్యుల రూపచిత్రములతో ఆరంభించి, క్రమముగా వలయములు, త్రికోణములు నిండిన తాంత్రిక చిత్రములవఱకు నడచెను. రూపమునుండి రేఖకు పోవు దారి కరీంనగరు బిడ్డ నడచిన దారియే.

అంతకన్న పూర్వము ప్రతి వాకిటను ఆ కళ యున్నది. చుక్కల ముగ్గు ఎవరి బొమ్మ? అది పక్షియు గాదు, తీగయు గాదు. చుక్కలను చుట్టుచు పోవు గీత. ఎంగిలిపూల నాటినుండి సద్దుల నాటివఱకు బతుకమ్మ చుట్టును తిరుగు స్త్రీలను మిద్దెమీదనుండి చూచినచో ముఖములు కనబడవు. రంగుల వలయము తిరుగుచుండును. అది కదలు నైరూప్య చిత్రము గాక మరేమి? చేర్యాల నకాషీవారు గుడ్డకు సుద్దమట్టి, చింతగింజల అంబలి పట్టించి, ఎఱ్ఱని నేపథ్యముపై కులపురాణములను వరుస వరుసగా చిత్రింతురు. కథకులు ఆ నిడుపైన పటమును ఒక్కొక్క వరుసగా విప్పుచు పాడుదురు. సినిమా పుట్టకముందే బొమ్మ తరువాత బొమ్మను చూపుచు వంశకథను నడిపిన విద్య అది. పూర్వుల కథను కదలు బొమ్మలుగా చూచుట తెలంగాణమునకు క్రొత్త గాదు.

అయినను ఒక ఆక్షేపణ కలదు. అది పెద్దలనుండి వచ్చునది, తోసివేయదగినది గాదు. "పోయినవారి ముఖమును చెరిపి గీతలు చేయుట అపచారము కాదా?" అని వారందురు. దీనికి సమాధానము ఆచారమునందే కలదు. బతుకమ్మపై నిలుపు గౌరమ్మ పసుపుముద్ద. ఆమెకు కన్నులు లేవు, ముక్కు లేదు. పూజారంభమున నిలుపు పసుపు గణపతికి తొండము దిద్దువారు లేరు. పితరులకు పెట్టునది పిండము. అందెవరి ముఖమును లేదు. ముఖము లేనందువలన భక్తి తగ్గినదని ఎవరనిరి? రూపము తీసివేయుట వేరు, మనిషిని మఱచుట వేరు. పేరు చెప్పి, గోత్రము చెప్పి, తలచుకొని చేయునప్పుడు పసుపుముద్దయు దేవతయగును. పేరు మఱచినచో స్పష్టమైన పటము కూడ అపరిచితుని పటమే.

నిజమైన అపచారము మరియొక దిక్కునుండి వచ్చుచున్నది. 2021 ఫిబ్రవరిలో మైహెరిటేజ్ అను సంస్థ పాత పటములలోని ముఖములను కదలించు సదుపాయమును ప్రజలకు ఇచ్చినది. పటమును పంపినచో అందలి అవ్వ కన్నులార్పును, తల త్రిప్పును, చిఱునవ్వు నవ్వును. ప్రపంచమంతట లక్షలాది జనులు దానిని వాడిరి; చూచి కన్నీరు కార్చినవారును కలరు. ఆ కన్నీటిని ఎగతాళి చేయరాదు. కాని ఒక సంగతి తెలిసియుండవలెను. ఆ కదలిక అవ్వది గాదు. ముందుగా మరెవరిచేతనో అభినయింపజేసి తీసిన కదలికను యంత్రము అవ్వ ముఖమునకు అతికినది. అవ్వ జీవితములో అట్లు నవ్వెనో లేదో యంత్రమునకు తెలియదు. అవ్వను చూచినవారు దానిని పోల్చి, ఇది ఆమె నవ్వు గాదని చెప్పగలరు. ఆమెను చూడని పసివాడు మాత్రము ఆ యెరువు నవ్వునే అవ్వ నవ్వని నమ్మును. వాని తరువాతి తరమున దిద్దువారెవరు నుండరు.

గీత అట్టి అబద్ధమాడదు. వలయము చూచి ఇది అవ్వ ముఖమని ఎవడును భ్రమపడడు. "ఇది ఎవరు?" అని పసివాడు అడుగును. అప్పుడు ఇంటిలోని పెద్దలు చెప్పవలసివచ్చును. ప్రశ్న పుట్టించుటయే ఈ కళయొక్క మేలు. యంత్రపు నవ్వు ప్రశ్నను చంపును. కదలు గీత ప్రశ్నను లేపును.

ఇక విధానము. ఇది విద్యార్థులకును సాధ్యమైన పని. మొదటి నియమము, అసలు పటమును ముట్టరాదు. దానిపై గీయరాదు, కత్తిరింపరాదు, జిగురు పూయరాదు. పగటివేళ నీడపట్టున, అద్దముమీద వెలుగు మెఱయకుండ, సెల్‌ఫోనుతో ప్రతి తీసికొని, అసలును పొడిచోట పదిలపరుపవలెను. చెమ్మయు, పురుగును పటములకు పరమశత్రువులు. పటము వెనుక మెత్తని పెన్సిలుతో పేర్లు, ఊరు, సంవత్సరము వ్రాయవలెను. బాలుపెన్ను ఒత్తిడికి ముందువైపు గీతలు పడును.

పిమ్మట ప్రతిని కాగితముపై ముద్రింపించి, దానిపై బటర్ పేపరు పఱచి, ఏ రేఖలు నిలుపవలెనో ఎన్నుకొనవలెను. ఇదియే కళయంతయు. తాత భుజముల వాలు, అవ్వ కొప్పు గుండ్రన, ఒడిలోని బిడ్డ ముడుచుకొన్న తీరు. వీనిలో ఏది తీసివేసినచో ఆ మనిషి పోవునో అది నిలుపవలెను. ఆ యెంపికకై పటమును గంటసేపు చూడవలసివచ్చును. గోడమీద ఇరువది యేండ్లు వ్రేలాడిన పటమును ఇంటివారు అంతసేపు చూచియుండరు.

సినిమా తెరపై సెకనుకు 24 పటములు నడచును. ఒక్కొక్క చిత్రమును రెండుమార్లు నిలిపినచో సెకనుకు 12 చిత్రములు చాలును. అరనిమిషపు చిత్రమునకు 360 గీతచిత్రములు కావలెను. పన్నెండుగురు విద్యార్థులు తలకు 30 గీసినచో పని పూర్తియగును. కాగితముల పైయంచున రెండు రంధ్రములు వేసి, బల్లమీద దిగగొట్టిన రెండు మేకులకు తగిలించినచో చిత్రములు ప్రక్కకు జరుగవు. క్రింది చిత్రము అగుపడునట్లు కిటికీ అద్దముమీద పెట్టి పై చిత్రమును కొంచెము మార్చి గీయవలెను. సెల్‌ఫోనును కదలకుండ పైన నిలిపి ఒక్కొక్కదానిని తీసి, వరుసగా నడిపించినచో గీత ప్రాణము పోసికొనును.

శబ్దమునకై సంగీతము వెదకనక్కరలేదు. ఆ పటము చూచుచు ఇంటి పెద్ద చెప్పు మాటలనే పట్టవలెను: ఈయన ఎవరు, ఈమె ఎవరి బిడ్డ, ఆ దినమున ఎందుకు పటము దిగిరి, ఎవరు రాలేకపోయిరి. చిత్రము మొదట అసలు పటమును ఒకమారు చూపి, పేర్లు చెప్పి, పిదప గీతలను విడువవలెను. పేర్లు లేని గీత వట్టి గీతయే.

మరియొక నియమము. ఇంటివారి అనుమతి లేనిదే ఏ పటమును ఇల్లు దాటరాదు. ముఖ్యముగా స్త్రీల పటములు, పోయిన పసిబిడ్డల పటములు నలుగురికి పంపదగినవి గావు. ఇంటివారు వలదన్నచో అంతటితో విడువవలెను. నైరూప్య రేఖయందు ముఖము కానరాదు గనుక, పటమును బయట పెట్టుట ఇష్టము లేని కుటుంబము కూడ రేఖలను చూపుటకు ఒప్పుకొనవచ్చును. కాని ఆ నిర్ణయము వారిదే.

ఈ పనికి తగిన చోటు గ్రంథాలయమే. ఇంటింటను సెల్‌ఫోను కలదు గాని, ఇంటింటను క్రమము లేదు. ఫోను పగిలినచో పటములు పోవును. మనిషి పోయినచో పేర్లు పోవును. గ్రంథాలయమునందు ఒక పట్టిక యుండి, పటము సంఖ్య, ఇంటిపేరు, పటమునందలివారు, చెప్పినవారు, చెప్పిన తేదీ అను అయిదు గడులు నింపినచో చాలును. పటముల ప్రతులు, పెద్దల మాటలు, పిల్లల గీతచిత్రములు ఒకచోట చేరును. హైదరాబాదు నేడు కదలు బొమ్మల పరిశ్రమకు పేరుగాంచినది. 2001లో స్థాపితమైన గ్రీన్ గోల్డు సంస్థ నిర్మించిన ఛోటా భీము 2008 నుండి దేశమందలి పిల్లలందరికి పరిచితుడు. బొగ్గుసీమ పిల్లలు ఆ బొమ్మను చూచి ఆనందింపవచ్చును. తమ యింటి తాతను తామే కదలించి చూచిన పిల్లవాడు మాత్రము చూచువాడుగా మిగులక చేయువాడగును.

తొందర యొక్కటే. పటములు ఇంకను కొంతకాలము నిలువవచ్చును. వానిలోని వారిని గుర్తింపగల పెద్దలు అంతకాలము నిలువరు. గనిలో దిగి వెలుగుచుక్కలుగా నడచినవారిలో ఉన్నవారు నేడే చెప్పగలరు. వారు చెప్పుచుండగా వ్రాసికొనుటయు, వ్రాసికొన్నదానిని గీతగా నిలుపుటయు ఈ రజతోత్సవమునకు తగిన సంకల్పము. స్వర్ణోత్సవమునాటికి ఈ గ్రంథాలయపు అల్మారాలలో పుస్తకముల సరసను ఊరి పటముల గ్రంథము కూడ నిలుచుగాక! గ్రంథాలయమునకు జయమగుగాక! స్వస్తి.